ముప్పై రోజుల గడువు

ట్రాక్టరు తోలుకుంటూ పోలీసు స్టేషనుకు వెళ్ళి, నాకు ట్రాక్టరు తోలే హక్కు ఉందని వాదించినవాణ్ణి ఈ పల్నాడులో నేనొక్కణ్ణే అయి ఉంటాను. నిరుడు శివరాత్రికి పద్దెనిమిది రోజుల ముందు మాట. సాగర్ డ్యాముకు పునాదిరాయి వేసిన ఏడు పుట్టావని మా అమ్మ చెప్పేది. ఆ లెక్కన నాకు అప్పటికి డెబ్బై ఏళ్ళు అటూ ఇటూ. ఆ వయసు మనిషికి ఉండాల్సిన నిదానం నాకు ఎప్పుడూ లేదు. అన్యాయం అనిపిస్తే నోరు ఆగదు. ఏది అన్యాయమో నాకు తెలుసన్న ధీమా కూడా ఎక్కువే.

మా ఊరు కోటప్పకొండకు పది మైళ్ళు. ఏటా శివరాత్రి తిరునాళ్ళకు చుట్టుపక్కల ఊళ్ళన్నీ ప్రభలు కట్టి కొండ కిందికి తోలుకుపోతాయి. చూడనివాళ్ళ కోసం చెప్తున్నాను. ప్రభ అంటే సరుగుడు వాసాలు, వెదుళ్ళు కలిపి నిట్టనిలువుగా కట్టిన గోపురం లాంటిది. రంగు గుడ్డలు, దేవుడి పటాలు, నిలువెల్లా కరెంటు బల్బులు. మా ఊరిది డెబ్బై అడుగుల పైమాటే. ఏడంతస్తుల మేడకు చక్రాలు తగిలించి, మాఘమాసపు గాలిలో, గతుకుల రోడ్డు మీద పది మైళ్ళు నడిపించటం ఎట్లా ఉంటుందో ఊహించుకోండి. నాలుగు పక్కలా మోకులు పట్టుకుని నూరుమంది నడుస్తారు. దారిలో కరెంటు తీగలు తప్పిస్తూ లైన్‌మెన్లు నడుస్తారు. అన్నిటికంటే ముందు ట్రాక్టరు. మా నాన్న కాలంలో ఎడ్లు లాగేవి. ఎడ్లు పోయి ట్రాక్టరు వచ్చిన దగ్గర్నుంచి, అంటే ముప్పై ఏళ్ళ పైబడి, ఆ సీటు నాది.

అదేమంత పని అని కుర్రాళ్ళు అంటారు. మొదటి గేరులో మనిషి నడక వేగం, అంతే గదా అంటారు. క్లచ్చి కాలి కింద ఒక వేలెడు గబుక్కున లేస్తే ఆ కుదుపు ప్రభ కొసకు చేరేసరికి రెండు బారల ఊపవుతుంది. ఆ ఊపు మోకు పట్టుకున్నవాళ్ళను నేల మీంచి లేపుతుంది. నేను చెప్పులు విప్పి తోలేవాణ్ణి. ఇంజను చెప్పేది పాదానికి తెలియాలి. ప్రభ బరువు సీటు కింద నుంచి నడుములోకి వచ్చేది. అంత ఎత్తు, అంత బరువు, దాని నీడలో నడిచే అంతమంది జనం, అంతా నా ఒక్క పాదం చెప్పినట్టు నడుస్తోందన్న సంగతి గుర్తొచ్చి ఒళ్ళు జలదరించని ఏడు ఒక్కటీ లేదు.

నిరుడు నా లైసెన్సు గడువు శివరాత్రికి ఇరవై తొమ్మిది రోజుల ముందు తీరిపోయింది. నేను చూసుకున్నాను. మరిచిపోయానని ఎవరైనా అంటే ఒప్పుకోను. నెట్ సెంటరుకు కూడా వెళ్ళాను. అక్కడివాడు స్లాటు పెట్టుకోవాలన్నాడు, నలభై దాటినవాళ్ళకు డాక్టరు సర్టిఫికెట్టు కావాలన్నాడు. నాకు ఒళ్ళు మండింది. నేను తోలటం మొదలుపెట్టిన నాటికి వాడి తండ్రి పుట్టి ఉండడు. నేను తోలగలనో లేదో ఒక డాక్టరు చెప్పాలా? శివరాత్రి కానిచ్చి చూద్దాంలే అనుకున్నాను. ఎందుకంటే నాకు చట్టం తెలుసు.

ఆ చట్టం నాకు ఎట్లా తెలుసో చెప్పాలి. నేను బడికి పోలేదు. చిన్నతనంలో మాచర్ల రాయి, పిడుగురాళ్ళ సున్నం మోసే లారీల మీద క్లీనరుగా తిరిగాను. మైలురాళ్ళ మీద ఊళ్ళ పేర్లు చూసి, డ్రైవర్ను అడిగి అక్షరాలు పట్టాను. గురజాల అని రాసిన రాయి దాటితే గురజాలే వచ్చేది. నరసరావుపేట అని రాసి ఉంటే నరసరావుపేటే వచ్చేది. రాసి ఉన్నది జరిగి తీరుతుందన్న నమ్మకం నాకు అట్లా పడింది. పెద్దయ్యాక గుంటూరులో ప్లాట్‌ఫారం మీద పాత పుస్తకాలు అమ్మేవాడి దగ్గర మోటారు వాహనాల చట్టం తెలుగు పుస్తకం కొన్నాను. అట్ట ఊడిపోతే సిమెంటు బస్తా కాగితంతో అట్ట వేసుకున్నాను. రోడ్డు మీద ఎవరైనా ఆపినప్పుడల్లా ఆ పుస్తకం తీసి సెక్షను చూపించేవాణ్ణి. చానాసార్లు నెగ్గాను. బడికి పోయినవాడు పోనివాడి ముందు నోరు మూసుకోవటంలో ఉన్న రుచి వేరు.

ఆ పుస్తకంలో ఉంది, లైసెన్సు గడువు తీరినా, తీరిన తేదీ నుంచి ముప్పై రోజుల దాకా అది చెల్లుబాటులో ఉన్నట్టేనని. నేను దాని కింద పెన్సిలు గీత కూడా గీసుకున్నాను. వేళ్ళ మీద లెక్క వేస్తే శివరాత్రి ఇరవై తొమ్మిదో రోజున పడింది. ఇంకా ఒక రోజు మిగులు. చట్టం కూడా కొండ మీది కోటయ్య పక్షానే ఉందనుకున్నాను.

తిరునాళ్ళకు ముందు పోలీసులు ప్రభల వాళ్ళందరినీ పిలిచి మాట్లాడతారు. ప్రభ ఎత్తు ఎంత, ఏ దారిన వస్తుంది, డ్రైవరెవరు, లైసెన్సు జిరాక్సేది, ట్రాక్టరెవరిది, అన్నీ రాసుకుంటారు. ట్రాక్టరు కూడా తెచ్చి చూపించమన్నారు. మా ఊరి పెద్దలు నలుగురు జీపులో వెళ్తే, నేను ట్రాక్టరు తోలుకుని వెళ్ళాను. ఆ ట్రాక్టరు మా పక్కింటి అమ్మాయిది. అమ్మాయంటే నలభై ఏళ్ళ మనిషే. నన్ను పెదనాన్నా అంటుంది. ఏటా ట్రాక్టరు ప్రభకు ఇస్తానని ఆమె భర్త మొక్కుకున్నాడు. అతను పోయాక కూడా ఆమె ఆ మాట తప్పలేదు. మూడెకరాలు మిర్చి వేసుకుని, ఆ ట్రాక్టరుతోనే నెట్టుకొస్తోంది.

ఎస్సై కుర్రవాడు. మర్యాదగానే మాట్లాడాడు.

"పెద్దాయనా, ఇది అయిపోయి పదకొండు రోజులైంది. డ్రైవర్ని మార్చుకోండి. ఇంకొకళ్ళ జిరాక్సు తెచ్చివ్వండి."

"ముప్పై రోజులు చెల్లుద్ది సార్. చట్టంలో ఉంది."

"ఏ చట్టంలో?"

"మీదే. మోటారు వాహనాల చట్టం. మీరు చదివి ఉండరు."

మా పెద్దలు తుండుగుడ్డలు నోటికి అడ్డం పెట్టుకున్నారు. ఎస్సైకి కోపం రాకపోవటం నాకు నచ్చలేదు.

"అది ఎప్పుడో తీసేశారు తాతా. ఇప్పుడు లేదు."

"చట్టంలో రాసింది తీసెయ్యటానికి అదేమన్నా గోడ మీద సినిమా బొమ్మా, నిన్న అంటించి ఇయ్యాళ పీకటానికి?"

అతను కిటికీలోంచి బయటికి చూశాడు.

"ఆ ట్రాక్టరు మీ ఊరిదేనా? ఎవరు తోలుకొచ్చారు?"

"నేనే. ఊళ్ళోంచి ఈడ దాకా నేనే తోలా. హక్కుంది గాబట్టే తోలా."

ఎస్సై హెడ్డు కానిస్టేబుల్ వైపు తిరిగి, "రాయండి" అన్నాడు.

జరిమానా కట్టి, డ్రైవర్ను మార్చుకుంటే సరిపోతుందని అతనే చెప్పాడు. నేను కట్టనన్నాను. కోర్టులోనే తేల్చుకుంటానన్నాను. "మీ ఇష్టం. కాకపోతే సొంతదారు మీద కూడా రాయాలి. లైసెన్సు లేనివాడికి బండి ఇస్తే అది కూడా నేరమే. బండి ఎవరిది?" అన్నాడు. నేను తడుముకోలేదు. పక్కింటి అమ్మాయి పేరు, ఇంటి పేరు, భర్త పేరు, అన్నీ గడగడా చెప్పాను. పంతంలో ఉన్నవాడికి పక్కవాడి పేరు చెప్పటం ఎంత తేలికో ఆ తర్వాత చానా రాత్రులు తలచుకున్నాను.

తిరిగి వెళ్ళేటప్పుడు నన్ను సీటు ఎక్కనివ్వలేదు. మావాళ్ళు పట్నంలో మెకానిక్కుకు ఫోను చేశారు. అతను ముస్లిం, మా ఊరి ట్రాక్టర్లన్నీ ఇరవై ఏళ్ళుగా అతని చేతిలోనివే. నన్ను బాబాయ్ అంటాడు. చేతులకు గ్రీసుతోనే వచ్చాడు.

"ఏంది బాబాయ్, దొంగలు పారిపోతారు గానీ స్టేషనుకి తోలుకొచ్చి మరీ పట్టుబడ్డోణ్ణి నిన్నే చూశా."

"నోరు మూసుకోని తోలు."

"తోల్తాలే. ముందు సార్‌కి నా కాయితం చూపించి వస్తా, ఉండు." చొక్కా జేబులోంచి ప్లాస్టిక్ కవరు తీశాడు. లైసెన్సు కొత్త నోటులా ఉంది. "మాబోటోళ్ళం కాయితం ఇంట్లో పెట్టి గడప దాటం బాబాయ్. అడిగాక వెతుక్కుంటానంటే ఆగేవాళ్ళుండరు."

నేను మడ్‌గార్డు మీద కూర్చుని ఊరికి చేరాను. ముప్పై ఏళ్ళలో ట్రాక్టరు మీద ప్రయాణికుణ్ణి అవటం అదే మొదలు.

ఆ సాయంత్రం పక్కింటి అమ్మాయి గోడ అవతల నుంచి పలకరించింది. మిర్చి కోతల రోజులు. ఆమె చీర కొంగు ఎర్రగా, మాట గరగరగా ఉంది.

"నా పేరెందుకు రాశారు పెదనాన్నా? నేను ఆడ లేనే లేనుగా."

"బండి నీదిగా."

"ఇరవై మంది కూలోళ్ళు వస్తన్నారు. వాళ్ళనొదిలేసి నేను కోర్టుకి పోవాల్నా?"

"నువ్వేం మాట్లాడబళ్ళేదు. ఊరికే నిలబడు. నేను వాదిస్తా."

"వాదిస్తే ఏమొచ్చుద్ది?"

"న్యాయం వచ్చుద్ది."

ఆమె కొంగు దులుపుకుని లోపలికి వెళ్ళిపోయింది. నేను ఆ రాత్రి పుస్తకంలో గీత గీసిన చోటు ఇంకోసారి చదువుకుని హాయిగా నిద్రపోయాను.

అయిదో రోజున కోర్టు. ఆ హాల్లో అడుగు పెట్టగానే నాకు మొదట కనపడింది ఎత్తు. కప్పు ఎక్కడో ఉంది. నల్లకోట్లు, దస్త్రాల కట్టలు, బంట్రోతు కేకలు. చిన్నచిన్న కేసులన్నీ ఒకదాని వెనక ఒకటి పోతున్నాయి. హెల్మెట్ లేనివాడు, తాగి తోలినవాడు, ముగ్గుర్ని ఎక్కించుకున్నవాడు. అందరూ తల వంచుకుని ఒప్పుకుంటున్నారు. మేజిస్ట్రేటు ముప్పై ఏళ్ళు నిండని ఆడమనిషి. గొంతు పెంచకుండా మాట్లాడుతోంది. ఆ గొంతుకు అంత పెద్ద హాలూ నిశ్శబ్దమవటం చూసి నాకు వింతగా అనిపించింది. నేను ఏదైనా సాధించాలంటే జీవితమంతా అరవాల్సి వచ్చింది.

మా పేర్లు పిలిచారు. నేనూ పక్కింటి అమ్మాయీ పక్కపక్కన నిలబడ్డాం. నేరం ఒప్పుకుంటారా అని అడిగారు. నేను పుస్తకం పైకెత్తాను.

"ఒప్పుకోనమ్మా. ఇందులో ముప్పై రోజులు గడువుంది. నాది అప్పటికి పదకొండో రోజే."

వెనక ఎవరో నవ్వారు. మేజిస్ట్రేటు నవ్వలేదు. పుస్తకం ఇలా ఇవ్వమంది. బంట్రోతు తీసుకెళ్ళి ఇచ్చాడు. సిమెంటు బస్తా అట్టను జాగ్రత్తగా తెరిచి, నేను గీత గీసిన చోటు చదివింది. తర్వాత ముందు పేజీ తిప్పి చూసింది.

"మీకు ఎవరు చెప్పారు ఇది?"

"ఎవరూ చెప్పలేదమ్మా. నేనే చదువుకున్నా."

"బడికి వెళ్ళారా?"

"లేదు."

ఆమె కాసేపు నన్నే చూసింది. ఆ చూపులో జాలి ఉంటే నేను ఊరుకునేవాణ్ణి కాదు. అది జాలి కాదు. అవతల పదుల కొద్దీ కేసులు ఎదురుచూస్తుంటే, ఆమె క్లర్కును ఇంకో పుస్తకం తెమ్మంది. అది కొత్తది, సన్నది. రెండు పుస్తకాలూ పక్కపక్కన తెరిచి పెట్టుకుని, నన్ను బల్ల దగ్గరికి రమ్మంది.

"మీరు చదివింది తప్పు కాదు. ఒకప్పుడు సరిగ్గా ఇలాగే ఉండేది. తర్వాత చట్టాన్ని సవరించారు. ఇదిగో, ఇక్కడ చూడండి. ఆ వాక్యాన్ని తీసేశారు. ఇప్పుడు గడువు తీరిన మర్నాటి నుంచే లైసెన్సు లేనట్టు లెక్క. ఏడాది లోపల రెన్యువల్ చేయించుకోవచ్చు. ఏడాది దాటితే మళ్ళీ టెస్టుకు వెళ్ళాలి."

నాకు ఇంగ్లీషు రాదు. కానీ నా పుస్తకంలో అంత పెద్ద వాక్యం ఉన్న చోట, ఆ పుస్తకంలో చిన్న గీత, ఒక చుక్క గుర్తు మాత్రం ఉన్నాయి. ఆమె వేలు పెట్టిన చోటుకేసి చూస్తూ ఉండిపోయాను. అచ్చయిన వాక్యం చచ్చిపోతుందని నాకు అప్పటిదాకా తెలియదు. ఎవరో, ఎక్కడో, ఢిల్లీలో ఒక గదిలో కూర్చుని ఒక్క వాక్యాన్ని కొట్టేశారు. ఆ క్షణం నుంచి దేశంలో రోడ్ల మీద తిరిగే అంతమందికీ ముప్పై రోజులు మాయమైపోయాయి. నా ఇంట్లో గూట్లో ఉన్న పుస్తకంలో మాత్రం ఆ వాక్యం బతికున్నట్టే పడుకుని ఉంది. నేను దాన్ని నమ్మి పదకొండు రోజులు రోడ్డెక్కాను. కోపం తెచ్చుకుందామని చూశాను. రాలేదు.

"దీనికి మూడు నెలల దాకా జైలు, లేదా అయిదు వేల జరిమానా, లేదా రెండూ" అంది ఆమె. "ఈవిడకు కూడా అదే. మీ ట్రాక్టరు దేనికి వాడుతున్నారు?"

పక్కింటి అమ్మాయి నోరు తెరిచే లోపల నేనే చెప్పాను. "కొండకి ప్రభ లాగుద్దమ్మా. నేనే డ్రైవర్ని."

మేజిస్ట్రేటు పెన్ను కింద పెట్టింది.

"ప్రభ పక్కన ఎంతమంది నడుస్తారు?"

"లెక్కెవరు పెడతారమ్మా. వేలల్లో ఉంటారు."

"దేవుడి దయ వల్ల ఏమీ జరగలేదు. జరిగితే ఏమవుతుందో మీ పుస్తకంలో చదివారా? లైసెన్సు లేని డ్రైవరని బీమా కంపెనీ అడ్డం తిరుగుతుంది. దెబ్బ తిన్నవాళ్ళకు ముందు కంపెనీయే కట్టాలని కోర్టు చెప్పినా, ఆ కట్టిందంతా బండి సొంతదారు దగ్గర రాబట్టుకోమంటుంది. ఈవిడకు ఏముంది?"

"మూడెకరాలు" అన్నాను.

"అయితే మీరు కూర్చుని తోలుతున్నది ఆ మూడెకరాల మీద."

ఇద్దరికీ జరిమానా వేసి, జైలు వేయకుండా వదిలింది. నా పుస్తకం తిరిగి ఇచ్చేటప్పుడు రెండు చేతులతో ఇచ్చింది. జరిమానా రెండూ నేనే కట్టాను. దాని సంగతి ఇక్కడ ముఖ్యం కాదు. కోర్టు బయట చెట్టు కింద నిలబడ్డప్పుడు పక్కింటి అమ్మాయి అన్న మాట ముఖ్యం.

"పెదనాన్నా, నాకు ఇయ్యన్నీ తెలవ్వు. నేను చదువుకోలేదు. నీకు కూడా తెలవదా?"

ఆమె దెప్పిపొడవలేదు. నిజంగానే అడిగింది. నాకు చట్టంలో నన్ను గెలిపించే వాక్యం ఒక్కటే తెలుసు. ఇంకా జరగని ప్రమాదానికి, ఇంకా దెబ్బ తగలని మనిషికి, ఆ మనిషి ఇంటివాళ్ళకు కూడా ఆ సన్నటి పుస్తకంలో చోటు కేటాయించి ఉందని తెలియదు. అంత దూరం చూసి ఎవరు రాశారో, ఎన్ని చావులు చూశాక రాశారో. బస్సులో ఇంటికి వస్తూ, ప్రభ పక్కన ఏటా నడిచే మొహాలు ఒక్కొక్కటే గుర్తు తెచ్చుకున్నాను. వాళ్ళందరి కోసం ఎవరో ఎప్పుడో ఆలోచించి పెట్టారు. వాళ్ళను పేరుపేరునా ఎరిగిన నేను ఆలోచించలేదు.

ఇంకా పదమూడు రోజులుంది. ఏడాది దాటలేదు కాబట్టి టెస్టు అక్కర్లేదు. డాక్టరు సంతకం ఒక్కటి ఉంటే స్లాటు దొరుకుతుంది, శివరాత్రికి సీటు నాదే. మర్నాడే పట్నం వెళ్ళాను. డాక్టరు నన్ను గోడకు దూరంగా కూర్చోబెట్టి, అక్షరాల పటం చూపించాడు. ఎడమ కంటితో గడగడా చదివాను. కుడి కంటితో పై వరుస చదివాను. రెండోది చదివాను. మూడో వరుస దగ్గర అక్షరాలు పొగమంచులో మైలురాళ్ళలా అయిపోయాయి.

"శుక్లం ముదిరింది. ఆపరేషను చేయించుకోండి. ఆ తర్వాత రండి, సంతకం పెడతాను."

"తిరునాళ్ళ అయ్యాక చేయించుకుంటా సార్. ఇప్పుడు పెట్టండి."

"కనపడకుండా కనపడుతున్నట్టు నేనెట్లా రాస్తాను?"

ఇన్నాళ్ళూ ఆ కన్ను మసగ్గా ఉందని నాకు తెలియదా? తెలుసు. దుమ్ము అనుకున్నాను, ఎండ అనుకున్నాను. అక్షరాల కోసం ఎన్ని రోడ్లు తిరిగానో, చివరికి అక్షరాలే నన్ను ఆపాయి. అది అన్యాయమని ఎవరితో వాదించాలి?

బయటికి వచ్చేసరికి ఒక బ్రోకరు నా వెనకే వచ్చాడు. ఎట్లా పసిగట్టాడో.

"ఆ సంతకం ఇంకో డాక్టరు దగ్గర నేను తెప్పిస్తా తాతా. నువ్వు మనిషివి కూడా రానక్కర్లేదు. ఎల్లుండికి స్లాటు."

"కన్ను చూడకుండానే?"

"నీ కన్నుతో వాళ్ళకేం పని? ఇన్నేళ్ళూ తోల్లా నువ్వు?"

నా మనసులోని మాటే అది. నా జేబులో ఫొటోలున్నాయి, చెయ్యి అప్పుడే జేబులోకి పోయింది. ఆ సంతకం పడితే ఎస్సై నోరు మూసుకుంటాడు, ప్రభ నా వెనకే కదులుతుంది. నాకు ఆ నిమిషాన ఎదురుగా కనపడింది కోర్టు హాల్లో నా పక్కన చేతులు కట్టుకుని నిలబడ్డ పక్కింటి అమ్మాయి. ఆమె వేళ్ళ సందుల్లో మిర్చి ఎరుపు ఇంకా పోలేదు. ఫొటోలు అక్కడే వదిలి చెయ్యి బయటికి తీశాను.

"వద్దులే" అన్నాను. అతను నన్ను పిచ్చివాణ్ణి చూసినట్టు చూసి ఇంకొకరి వెంట పడ్డాడు.

అక్కణ్ణుంచి నేరుగా మెకానిక్కు షెడ్డుకు వెళ్ళాను.

"ప్రభ నువ్వు తోలాల."

ట్రాక్టరు కింద పడుకున్నవాడు బయటికి పాకి వచ్చాడు. "ఎవరు, నేనా? మీ ప్రభకా? మీ ఊళ్ళో ఏమంటారో, మా ఇంట్లో ఏమంటారో ఆలోచించావా బాబాయ్?"

"మీ ఇంట్లో నువ్వడుగు. మా ఊళ్ళో నేనడుగుతా."

మా ఊళ్ళో నేను భయపడినంత కాలేదు. ఒక పెద్దాయన గడ్డం గోక్కుంటూ అన్నాడు, "ఇన్నేళ్ళ నుంచీ ప్రభ ముందు ఇంజన్ను బాగుచేసేది అతనేగా. ఇప్పుడేమన్నా కొత్తగా ముట్టుకుంటన్నాడా?" ఆ మాటతో అయిపోయింది. మెకానిక్కు ఇంట్లో ఏమన్నారో అతను చెప్పలేదు. మర్నాడు పొద్దున్నే వచ్చాడు.

పది రోజులు కోసేసిన మిరపచేలో నేర్పాను. ట్రాక్టరు వెనక తగిలించిన ట్రక్కులో మట్టి నింపి, మడ్‌గార్డు మీద చెంబు నిండా నీళ్ళు పెట్టేవాణ్ణి. కదిలినప్పుడు నీళ్ళు తొణకకూడదు. అతను ఇంజను విప్పి బిగించగలడు గానీ, మొదటి రోజు చెంబు మొత్తం నా ఒళ్ళో ఒలకబోశాడు.

"పాదం ఎత్తొద్దు రా. దాన్నే లేవనియ్యి."

"క్లచ్చి ప్లేటు అరిగిపోయింది బాబాయ్."

"నిన్నటిదాకా బానే ఉందిగా."

"ఇన్నేళ్ళూ నువ్వు దాన్ని బుజ్జగించి బుజ్జగించి అరగదీశావు. కొత్తది వేస్తా, అప్పుడు చూడు."

కొత్త ప్లేటు వేశాడు. అతను చెప్పులు విప్పటానికి ఇంకో రెండు రోజులు పట్టింది, తన పాదాలు మెత్తన అన్నాడు. ఆరో రోజున చెంబులో నీళ్ళు అద్దంలా నిలబడ్డాయి. నాకు సంతోషం కలగాలి. నేను మాత్రం పోయి చేను గట్టు మీద కూర్చున్నాను. అతను ఇంజను ఆపి దిగి వచ్చాడు. కాసేపటికి "నీకు కన్ను బాగయ్యాక నీ సీటు నీదే బాబాయ్" అన్నాడు. ఆ మాట అతను నమ్మి అన్నాడో లేదో నాకు ఇప్పటికీ తెలియదు.

శివరాత్రి రోజు పొద్దున ఎస్సై వచ్చి మెకానిక్కు లైసెన్సు చూసి, నాకేసి చూసి తల పంకించాడు. టైరు ముందు కొబ్బరికాయలు కొట్టారు. నేను అక్కడ నిలబడలేకపోయాను. ట్రాక్టరు స్టార్టయిన చప్పుడు వినక ముందే ఊరు దాటి నడిచి, కాలవ వంతెన అవతల మలుపు దగ్గర నిలబడ్డాను. వంతెన గూని మీద ఎక్కి దిగేటప్పుడే ఊపు పుడుతుంది. పది మైళ్ళలో కష్టమైన చోటు అదే. ఏదైనా జరిగితే అక్కడే జరగాలి. పక్కింటి అమ్మాయి కూడా కూలీలకు సెలవిచ్చి వచ్చి నా పక్కన నిలబడింది. ఆమె ట్రాక్టరు, ఆమె భయం ఆమెకుంది.

మొదట డప్పులు వినిపించాయి. తర్వాత "చేదుకో కోటయ్యా చేదుకో" అని జనం. ఆ తర్వాత ఊరి చివరి ఇళ్ళ కప్పుల పైన ఏదో రంగు కదిలింది.

అది లేస్తూనే ఉంది. ఇళ్ళను దాటింది, కొబ్బరి చెట్లను దాటింది, ఇంకా లేస్తోంది. పసుపు, ఎరుపు, ఆకుపచ్చ గుడ్డలు ఎండలో మంటల్లా ఆడుతున్నాయి. కుడి కంట్లో అదంతా ఒక వెలుగు ముద్ద. ఆ కన్ను మూసుకున్నాను. ఎడమ కంట్లో ప్రతి వాసమూ, ప్రతి ముడీ కనపడింది. డెబ్బై అడుగులని నేనే ఎన్నిసార్లు చెప్పుకున్నాను. డెబ్బై అడుగులంటే ఏమిటో ఆ పొద్దున తెలిసింది. ఆకాశంలోంచి ఎవరో నెమ్మదిగా నడిచి వస్తున్నట్టు, మా ఊరే లేచి నిలబడి కొండకేసి బయల్దేరినట్టు ఉంది. నా చేతుల మీద వెంట్రుకలు నిక్కబొడుచుకున్నాయి.

"ఏంది పెదనాన్నా, అట్టా చూస్తన్నావు? ఎప్పుడూ చూడనట్టు."

"చూళ్ళేదు" అన్నాను. "ఎప్పుడూ నా వెనకమాలేగా వచ్చేది. కట్టేటప్పుడు చూశా. ఆగినప్పుడు చూశా. వస్తంటే చూట్టం ఇదే."

ఆమె కూడా తల పైకెత్తింది.

ట్రాక్టరు వంతెన ఎక్కింది. నా కుడి పాదం మడమ మట్టిలోకి దిగింది, ఎడమ పాదం క్లచ్చి మీద ఉన్నట్టు తనంతట తానే మెల్లగా లేవటం మొదలుపెట్టింది. పైన ప్రభ కొస ఒక బెత్తెడు ముందుకు వంగింది. మోకులు బిగుసుకున్నాయి. జనం కేక ఆగిపోయింది. ప్రభ వంగిన చోటే ఒక్క క్షణం ఆలోచించినట్టు నిలబడి, తిరిగి నిటారుగా లేచి వంతెన దిగింది. మెకానిక్కు నాకేసి చూడలేదు. రోడ్డు మీదే చూపు. ఉత్త పాదాలు. అట్లాగే ఉండాలి.

పక్కింటి అమ్మాయి పట్టిన ఊపిరి వదలటం నాకు వినపడింది.

ప్రభ మా మీదుగా పోతుంటే దాని నీడ ఒంటి మీద చల్లగా పాకింది. మోకు పట్టుకున్నవాళ్ళలో ఎవరో "పట్టు తాతా, ఊరికే చూస్తావేంది" అన్నాడు. నేను మోకు పట్టుకున్నాను. పది మైళ్ళు నడవగలనో లేదో ఆలోచించలేదు. కాళ్ళ కింద ఏముందో చూసుకోకుండా, తల వెనక్కి వాల్చి, పైకే చూస్తూ నడిచాను.